మారిన ఒక్క మాట
సబా దివాన్ డాక్యుమెంటరీలు చూశాక

1935లో బనారస్ గాయని రసూలన్ బాయి గ్రామఫోన్ రికార్డు కోసం ఒక ఠుమ్రీ పాడింది. ప్రియుడు పూలబంతి విసిరితే తనకి ఎక్కడ దెబ్బ తగిలిందో నాయిక చెప్పుకునే పాట అది. తర్వాతి కాలంలో ఆమె గొంతులో అందరూ విన్న పాటలో ఆ దెబ్బ 'కరేజ్‌వా'కి, అంటే గుండెకి తగులుతుంది. 1935 నాటి రికార్డులో మాత్రం 'జోబన్‌వా'కి తగులుతుంది. ఆ మాటకి యవ్వనం అనీ అర్థం చెప్పుకోవచ్చు, రొమ్ము అనీ చెప్పుకోవచ్చు. ఆ ఒక్క రికార్డు తర్వాత రసూలన్ ఆ మాటతో ఆ పాట మళ్ళీ పాడలేదు. రికార్డు కూడా మెల్లగా జనం జ్ఞాపకంలోంచి జారిపోయింది. డెబ్భై ఏళ్ళు దాటాక ఢిల్లీకి చెందిన డాక్యుమెంటరీ దర్శకురాలు సబా దివాన్ ఆ పాటను వెతుక్కుంటూ వారణాసి, లక్నో, ముజఫర్‌పూర్ తిరిగింది. ఆ వెతుకులాటే 2009లో వచ్చిన 'ది అదర్ సాంగ్'. రెండు గంటల సినిమా.

ఒక్క మాట మారితే ఏమవుతుంది? ఈ ప్రశ్న మొదట నాకూ వచ్చింది. పాత పాటల్లో పాఠాంతరాలు ఉండటం కొత్తేమీ కాదు. మౌఖిక సంప్రదాయంలో పాడే మనిషిని బట్టి, వినే సభని బట్టి, ఆ పూట ఉన్న హుషారుని బట్టి మాటలు మారుతూనే ఉంటాయి. కానీ సినిమా నడిచేకొద్దీ ఇది ఆ రకం మార్పు కాదని తెలిసివస్తుంది. ఇక్కడ ఒక మాట పక్కన ఇంకో మాట వచ్చి చేరలేదు. ఒక మాట పోయి దాని చోట ఇంకొకటి కూర్చుంది. పైగా దాన్ని తీసేసింది ఏ సెన్సారు అధికారో కాదు, పాడిన మనిషే. తన పాటలోంచి తన శరీరాన్ని ఆమే ఎందుకు తీసేసుకోవలసి వచ్చింది? సబా దివాన్ నిజంగా వెతికింది ఈ ప్రశ్నకి జవాబు. పాత రికార్డు దొరికిందా లేదా అన్నది సినిమా చూడబోయేవాళ్ళకు వదిలేస్తాను. నా దృష్టిలో దాని విలువ ఆ దొరకడంలో లేదు.

తవాయఫుల చరిత్ర మనకి రెండు రకాలుగానే తెలుసు. హిందీ సినిమాలు చూపించిన కన్నీటి తవాయఫు ఒకరు, సంస్కర్తలు చూపించిన పతిత ఇంకొకరు. ఈ ఇద్దరికీ ఆదాయం, ఆస్తి, పన్ను రసీదు ఉండవు. లక్నో మునిసిపాలిటీ లెక్కలు వేరే కథ చెబుతాయి. చరిత్రకారిణి వీణా తల్వార్ ఓల్డెన్‌బర్గ్ 1858-77 నాటి పన్నుల పుస్తకాలు తిరగేస్తే, ఊళ్ళో అత్యధిక పన్ను కట్టే వర్గంలో ఆటపాటల స్త్రీలు కనిపించారు. 1857 తిరుగుబాటుకి సాయం చేశారని బ్రిటిష్ వాళ్ళు ఆస్తులు జప్తు చేసిన జాబితాల్లోనూ వాళ్ళ పేర్లున్నాయి. సొంత ఆస్తి, ఆడపిల్ల పుడితే పండగ చేసుకునే ఇళ్ళు, తల్లి నుంచి కూతురికి వచ్చే విద్య. ఇదంతా ఒక్కరోజులో పోలేదు. నవాబుల దర్బార్లు పోవడం, నాచ్ వ్యతిరేక ఉద్యమం, జాతీయోద్యమం తయారుచేసిన ఆదర్శ భారత స్త్రీ, చివరికి స్వతంత్ర ప్రభుత్వపు రేడియో, ఒకదాని తర్వాత ఒకటి వచ్చి ఆ చోటును కుదించుకుంటూ పోయాయి.

జాతీయోద్యమం దగ్గర ఒక నిమిషం ఆగాలి. అందులో మనకీ భాగం ఉంది. సహాయ నిరాకరణ రోజుల్లో కాశీ తవాయఫులు హుస్నా బాయి నాయకత్వంలో సభ పెట్టుకుని ఉద్యమానికి మద్దతు ప్రకటించారు. వాళ్ళు దేశభక్తి గీతాలు పాడారు. అంటే వాళ్ళు తమని ఈ దేశపు మనుషులుగా లెక్కేసుకున్నారు. దేశం వాళ్ళని ఎలా లెక్కేసింది? 1921లో గాంధీ ఈ వృత్తిలో ఉన్న స్త్రీలను మొదటిసారి కలిసింది మన కాకినాడలోనేనని ఆయనే రాసుకున్నాడు. కలిసింది కొద్దిమందిని, అదీ కొద్ది నిమిషాలు. ఆ తర్వాత బారిసాల్‌లో ఎక్కువమందిని కలిశాడు. ఆయన వాళ్ళ గురించి నిజంగానే బాధపడ్డాడు. తప్పు మగవాళ్ళదేనన్నాడు. వృత్తి మానుకుని రాట్నం పట్టుకోమన్నాడు. కానీ వాళ్ళ చేతిలో అప్పటికే ఒక విద్య ఉందన్న మాట ఆ బాధలో ఎక్కడా లేదు. వాళ్ళ విద్య దేశానికి కావాలి, వాళ్ళు మాత్రం ఉన్నట్టుగా ఉంటే కుదరదు. తర్వాత జరిగినదంతా ఈ షరతు మీదే జరిగింది.

రేడియో ఈ షరతుని రాతపూర్వకంగా పెట్టింది. స్వాతంత్ర్యం వచ్చే రోజుల్లో సర్దార్ పటేల్ సమాచార ప్రసార శాఖ చూస్తున్నప్పుడు, వ్యక్తిగత జీవితం అపకీర్తి పాలైన గాయనీ గాయకులకు ఆకాశవాణిలో చోటు లేదన్న నియమం వచ్చింది. నియమం ఎవరి పేరూ చెప్పలేదు గానీ ఎవరి గురించో అందరికీ తెలుసు. పెళ్ళి చేసుకున్నవాళ్ళు, పేరు చివర బాయి తీసి దేవి లేదా బేగం పెట్టుకున్నవాళ్ళు లోపలికి వెళ్ళగలిగారు. రసూలన్ 1948లో ముజ్రాలు మానేసి, కోఠా ఖాళీ చేసి, ఒక చీరల వ్యాపారిని పెళ్ళి చేసుకుంది. పేరులో బాయి మాత్రం వదల్లేదు. 1957లో సంగీత నాటక అకాడమీ పురస్కారం వచ్చింది. 1969 అహ్మదాబాద్ మతకలహాల్లో ఇల్లు తగలబడింది. 1974లో చనిపోయేనాటికి చేతిలో ఏమీ లేదు. అలహాబాద్ రేడియో స్టేషన్ గోడ మీద తోటి గాయనుల ఫోటోలు చూసి, అందరూ దేవులైపోయారు, బాయిగా తానొక్కర్తే మిగిలానని ఆమె నవ్విందని ఒక ముచ్చట ప్రచారంలో ఉంది. అది ఎంతవరకు నిజమో గానీ, అలాంటి ముచ్చట పుట్టి నిలబడిందంటే ఆ కాలం ఎలాంటిదో అర్థమవుతుంది.

పాటలో మాట మారడం ఈ జాబితాలో ఒక చిన్న అంశం. ఇల్లు మారింది, సభ మారింది, వినేవాళ్ళు మారారు, పాటా మారింది. వక్షం చోట గుండె వచ్చాక పాటని ఎవరైనా పాడుకోవచ్చు. 1964లో 'దూజ్ కా చాంద్' సినిమాలో మన్నాడే పాడేశాడు కూడా, తెర మీద హాస్యగాడి కోసం. అదీ మంచి పాటే. కానీ ఒక తవాయఫు తన శరీరం గురించి తానే కొంటెగా చెప్పుకున్న పాట, ముప్ఫై ఏళ్ళలో మగ గొంతులో హాస్యగీతంగా స్థిరపడటంలో చరిత్ర వేసిన వెక్కిరింత ఉంది.

నాకు ఈ సినిమా ఊరికే నచ్చి వదిలేసేది కాకపోవడానికి కారణం నా తరగతి గది. నేను ఎం.ఏ. విద్యార్థులకు చాలా ఏళ్ళు ముద్దుపళని 'రాధికా సాంత్వనము' పాఠం చెప్పాను. బహుశా నేనంత ఉత్సాహంగా చెప్పిన పాఠం ఇంకొకటి లేదు. పద్దెనిమిదో శతాబ్దంలో తంజావూరు ప్రతాపసింహుడి ఆస్థానంలో ఉన్న కవయిత్రి. ఆమె కావ్యాన్ని 1887లో అచ్చు వేసినప్పుడు తన వంశంలోని స్త్రీలను ఆమె చెప్పుకున్న పీఠిక ఎగిరిపోయింది. వీరేశలింగం గారు ఆ కావ్యంలో స్త్రీలు వినకూడని, పలకకూడని విషయాలున్నాయని కోప్పడ్డారు. బెంగుళూరు నాగరత్నమ్మ తాళపత్ర ప్రతి సంపాదించి, తీసేసినవన్నీ తిరిగి చేర్చి 1910లో వావిళ్ళ వారి ద్వారా అచ్చు వేయించింది. అసభ్యమంటూ 1911లో ప్రభుత్వం నిషేధించి ప్రతులు పట్టుకుపోయింది. టంగుటూరి ప్రకాశం ప్రధానమంత్రిగా ఉన్న మద్రాసు ప్రభుత్వం 1947లో నిషేధం ఎత్తేసింది. ఈ కథ చెబుతుంటే తరగతి మొత్తం నాతో పాటు ఆవేశపడేది.

ఆ తర్వాత కావ్యంలోకి వెళ్ళేదాన్ని. ఫలానా పద్యాలు దాటేసి, అవి మీరు ఇంట్లో చదువుకోండి అనేదాన్ని. సమయం లేదని చెప్పేదాన్ని. సమయం లేకపోవడం ఒక్క ఆ పద్యాల దగ్గరే జరిగేది. నిషేధం మీద గంట మాట్లాడిన నేను, నిషేధానికి గురైన పద్యం దగ్గర గొంతు సవరించుకుని పేజీ తిప్పేసేదాన్ని. 'ది అదర్ సాంగ్' చూసిన రాత్రి నాకు మొదట గుర్తొచ్చింది ఈ పేజీ తిప్పడమే. వీరేశలింగం గారిని విమర్శించే నోటితోనే ఆయన పని నేను పూర్తి చేస్తున్నాను. ఇంకొకటి కూడా గమనించాను. ఇంతసేపూ నేను వీరేశలింగం గారు అంటూనే ఉన్నాను, నాగరత్నమ్మను నాగరత్నమ్మ అనే అంటున్నాను. గారు అన్న చిన్న మాట ఎవరి పేరు తర్వాత దానంతట అదే వచ్చి చేరుతుందో, ఎవరి దగ్గర ఆగిపోతుందో భాష మన చేత చెప్పిస్తుంది. బాయి, దేవి తేడా అక్కడే కాదు, ఇక్కడా ఉంది.

అందువల్లే ఈ పాటలో మాట ఎవరు మార్చారన్న ప్రశ్నకి సినిమా ఒక ముద్దాయిని చూపించకపోవడం నాకు సరైనదనిపించింది. అధికారి, సంస్కర్త, గ్రామఫోన్ మార్కెట్, సంగీత పాఠశాల, మర్యాదస్తులైన శ్రోతలు, వీళ్ళందరి చేతులూ అందులో ఉన్నాయి. రసూలన్ చెయ్యీ ఉంది. కానీ బతకడానికి మాట మార్చుకున్న చెయ్యి, మర్యాద కోసం మార్పించిన చెయ్యి ఒకటి కావు. ఈ తేడాని సబా దివాన్ ఎక్కడా వదిలిపెట్టదు. రసూలన్‌ని బాధితురాలిగా కుదించదు, వీరనారిగా పెంచదు.

ఇక్కడ సబా దివాన్ పనిని మొత్తంగా చూడాలి. 'ది అదర్ సాంగ్' ఒంటరి సినిమా కాదు, మూడు సినిమాల వరుసలో చివరిది. మొదటిది 'ఢిల్లీ-ముంబై-ఢిల్లీ' (2006). ఢిల్లీలోని పేద బస్తీ నుంచి ముంబై డాన్స్ బార్లకు పనికోసం వెళ్ళే అమ్మాయి కథ. మహారాష్ట్ర ప్రభుత్వం 2005లో ఆ బార్లలో నాట్యాన్ని నిషేధించింది. 2013లో సుప్రీంకోర్టు ఆ నిషేధం చెల్లదంది గానీ, ఈలోగా వేలమంది ఆడవాళ్ళ బతుకుదెరువు పోయింది. రెండోది 'నాచ్' (2008). బీహార్ సోన్‌పూర్ పశువుల సంతలో థియేటర్ కంపెనీల వేదికల మీద రాత్రంతా ఆడే అమ్మాయిల గురించి. ఆ తర్వాత వచ్చింది తవాయఫుల సినిమా.

మనలో చాలామంది చివరిది చూసి చప్పట్లు కొడతాం. ఎందుకంటే అందులో బనారస్ ఉంది, ఠుమ్రీ ఉంది, సారంగి ఉంది. తవాయఫుని గౌరవించడం ఇప్పుడు తేలిక. ఆమె లేకపోతే హిందుస్తానీ సంగీతంలో, కథక్‌లో సగం ఉండేది కాదు అని వాదించి గెలవగలం. అదే వాదనతో మన కళావంతులనీ గౌరవిస్తున్నాం. క్షేత్రయ్య పదాలు బతికించారు, జావళీలు బతికించారు అంటున్నాం. అంటూనే నాట్య తరగతుల్లో ఆ పదాల్లోని నాయికా నాయకులను జీవాత్మ పరమాత్మలుగా మార్చి, పిల్లల తల్లిదండ్రులకి ఇబ్బంది లేకుండా నేర్పిస్తున్నాం. సరే, మరి ఏ కళనీ బతికించని మనిషి సంగతేమిటి? సినిమా పాటకు ఆడే బార్ అమ్మాయి, సంతలో ఈలల మధ్య ఆడే అమ్మాయి ఏ సంప్రదాయానికి వారసులని చెప్పి మనం గౌరవం సంపాదించిపెట్టాలి?

మూడు సినిమాలనీ విడుదలైన వరుసలో చూస్తే ఈ ప్రశ్న తప్పించుకోలేం. సబా దివాన్ ముగ్గురినీ ఒకే చూపుతో చూసింది. డబ్బు ఎలా వస్తుంది, ఇంటికి ఎంత పంపుతున్నారు, అద్దం ముందు ఎంతసేపు కూర్చుంటారు, ఎవరితో ఎలా బేరమాడతారు, దేనికి నవ్వుతారు. 'నాచ్'లో మగ ప్రేక్షకుల మధ్య నిలబడ్డ కెమెరా మనల్ని కూడా వాళ్ళ పక్కనే నిలబెడుతుంది. అమ్మాయిలు తిరిగి మన వైపు చూస్తారు. అప్పుడు కళ అన్న కవచం లేకుండా వాళ్ళని చూడవలసి వస్తుంది. నా మటుకు నాకు అది కష్టమైంది. తవాయఫు పాటలో 'జోబన్‌వా' కావాలని వాదించే నేను, సంతలో ఆ అమ్మాయి అదే శరీరాన్ని ఊపుతుంటే తల తిప్పుకున్నాను. పాతబడి, అరుదై, సంగీతమైతేనే శరీరం నాకు చరిత్రగా కనిపిస్తోందన్నమాట.

మన దగ్గర ఈ తేడాకి కులం కూడా తోడవుతుంది. కోస్తాలో మేజువాణీలు చేసిన కళావంతుల గురించి పరిశోధనలు వచ్చాయి, ప్రదర్శనలు జరుగుతున్నాయి, మంచిదే. నిజామాబాద్, మహబూబ్‌నగర్ పల్లెల్లో జోగినిలుగా మార్చబడిన దళిత స్త్రీల దగ్గర సభల్లో చూపించుకోవడానికి పదాలూ జావళీలూ లేవు. 1988లో రాష్ట్ర శాసనసభ దేవదాసీ సమర్పణని నిషేధిస్తూ చట్టం చేసినప్పుడు ఇద్దరినీ ఒకే మాట కింద చేర్చింది గానీ, మన సాహిత్య గౌరవం మాత్రం ఇద్దరికీ ఒకేలా చేరలేదు. 'ది అదర్ సాంగ్'తో నాకున్న అసంతృప్తి కూడా ఇక్కడే. తవాయఫుల లోపలి కులభేదాలు, ఏ కులం పిల్ల ఏ కోఠా వరకు ఎక్కగలిగేది అన్న లెక్క, పాట వెతుకులాట ఊపులో పలచబడిపోయాయి. దొరకని పాటని వెతకడం కథకి మంచి పట్టు ఇస్తుంది. కానీ ఆ పట్టువల్లే దారిలో కలిసిన స్త్రీలు ఒక్కోసారి చిరునామా చెప్పి పక్కకి తప్పుకునేవాళ్ళుగా కనిపిస్తారు. సైరా బేగం లాంటి గాయని తెర మీద ఉన్నప్పుడు మాత్రం అలా అనిపించదు. ఆమె తన జీవితమంత బరువుతో కూర్చుంటుంది. రసూలన్‌ని కాసేపు మరిచిపోయి ఈమె మాట వింటే చాలుననిపిస్తుంది.

ఈ లోపాన్ని సబా దివాన్ తానే గుర్తించిందేమోనని నాకు అనిపించడానికి కారణం, పదేళ్ళ తర్వాత 2019లో వచ్చిన ఆమె పుస్తకం 'తవాయఫ్‌నామా'. అందులో పోయిన పాట కోసం పరుగు లేదు. బనారస్, భభువాలతో ముడిపడిన ఒకే తవాయఫు కుటుంబం కథ, 1857 నుంచి ఇటీవలి కాలం వరకు తరతరాలుగా నడుస్తుంది. అక్కచెల్లెళ్ళ ఈర్ష్యలు, ఆస్తి తగాదాలు, పెళ్ళిళ్ళు, మతం, దాచిపెట్టిన గతాలు, అన్నీ ఉన్నాయి. ఆ ఇంటివాళ్ళ అసలు పేర్లు మాత్రం లేవు. గోప్యత కోసం మార్చేసింది.

స్త్రీవాద చరిత్ర రచనలో మనం పేర్ల కోసం పోరాడినవాళ్ళం. 'మనకు తెలియని మన చరిత్ర' తెలంగాణ రైతాంగ పోరాట స్త్రీల మాటలను వాళ్ళ పేర్లతో మన ముందు పెట్టింది. పోయిన పేరుని తిరిగి చేర్చడమే న్యాయం అని అక్కడ నేర్చుకున్నాం. నాగరత్నమ్మ ముద్దుపళని పీఠికని తిరిగి చేర్చడమూ అదే. అయితే నాగరత్నమ్మకి ఒక అధికారం ఉంది. తనూ ఆ వృత్తి సంప్రదాయంలోంచే వచ్చింది, తన పూర్వీకురాలి పేరు తానే చెప్పుకుంది. నేనూ సబా దివానూ బయటివాళ్ళం. ఒక తవాయఫు మనవరాలు ఈనాడు ఏ బడిలోనో టీచరై ఉంటుంది, పిల్లల పెళ్ళి సంబంధాలు చూస్తూ ఉంటుంది. ఆమె అమ్మమ్మ పేరు బయటపెట్టి నేను చరిత్రకి న్యాయం చేస్తే, ఆ ఖర్చు ఎవరు కడతారు? గర్వపడండి, దాచుకోకండి అని ఆమెకి చెప్పే హక్కు నాకు లేదు. సిగ్గు ఆమెది కాదు, నిజమే. కానీ సిగ్గుపరిచే సమాజం ఇంకా అలాగే ఉంది. సినిమాలో మాట మారినందుకు బాధపడిన దర్శకురాలే పుస్తకంలో పేర్లు తాను మార్చడంలో నాకు వైరుధ్యం కనిపించలేదు. ఒకచోట మార్పు మర్యాద అడిగితే జరిగింది, ఇంకోచోట ఆ మనుషుల క్షేమం అడిగితే జరిగింది.

ఈ జాగ్రత్త ఆమెకి ఎక్కడినుంచి వచ్చిందో ఊహించడం కష్టం కాదు. ఇతరుల ఇళ్ళలోకి వెళ్ళేముందే 'సీతాస్ ఫ్యామిలీ'లో ఆమె తన కుటుంబంలోని స్త్రీల జ్ఞాపకాలను తవ్వింది. సొంత ఇంట్లో ప్రశ్నలు అడగడం ఎంత ఇబ్బందో తెలిసిన మనిషి ఆమె. 2017 జూన్‌లో రైల్లో ఒక ముస్లిం కుర్రవాణ్ణి పొడిచి చంపినప్పుడు, నా పేరు మీద ఈ పని వద్దు అంటూ దేశంలో అనేక నగరాల్లో జనం వీధుల్లోకి రావడానికి మొదట పిలుపునిచ్చిందీ ఆమే. రసూలన్ ఇల్లు ఎలాంటి మంటల్లో కాలిందో రాసిన మనిషికి అవి ఆరిపోలేదని తెలుసు.

సంవత్సరం మారితే నా తరగతికి మళ్ళీ ముద్దుపళని వస్తుంది. ఆ పద్యాల దగ్గర ఈసారి పేజీ తిప్పకూడదని అనుకుంటున్నాను. పద్యం పైకి చదివి, అర్థం చెప్పి, అమ్మాయిలు నవ్వితే నవ్వనిచ్చి, అబ్బాయిలు ఒకళ్ళనొకళ్ళు చూసుకుంటే చూసుకోనిచ్చి, తర్వాత దాని గురించి మాట్లాడాలి. గొంతు వణుకుతుందని తెలుసు. ఏ ఊరినుంచో వచ్చి వెనక బెంచీలో కూర్చున్న అమ్మాయికి ఈ పద్యాలు తన ఇంటి చరిత్ర కావచ్చని, ఆ సంగతి ఆమె ఎవరికీ చెప్పి ఉండకపోవచ్చని కూడా గుర్తుపెట్టుకోవాలి. ఆమె చెబితే వింటాను. చెప్పకపోతే అడగను.